సముద్రం వైపు మూల

శనివారం మధ్యాహ్నం దాటిందంటే టోంగాలో ఎవరి చేతా పార పట్టించలేం. పందిపిల్లను కోయాలి, పెండలం తవ్వుకురావాలి, చేమాకులు కోసుకోవాలి, కొబ్బరి తురుముకోవాలి. అందరి ధ్యాసా మర్నాటి పొయ్యి మీదే ఉంటుంది. అందుకే చర్చి హాలు కడుతున్న చోట ఆ సాయంత్రం లాతాయ్ ఒక్కతే ఉంది. సోమవారం పొద్దున్నే క్రేను వస్తుంది, పైకప్పుని మోసే ఇనప ట్రస్సులు ఎత్తి గోడల మీద కూర్చోబెడుతుంది. బోల్టులు సరిగ్గా ఉన్నాయో లేదో ఒకసారి చూసుకుని ఇంటికి పోదామని వచ్చింది. బోల్టులు బ్రహ్మాండంగా ఉన్నాయి. తిరిగి వెళ్ళబోతుంటే సముద్రం వైపు మూలలో, గోడ మీద బీట కనిపించింది.

పెద్దదేమీ కాదు, గోరు కూడా దూరదు. కానీ అది ఎండకి సిమెంటు పూత మీద వచ్చే పిచ్చి బీట కాదు. దిమ్మెల అతుకుల వెంట మెట్లు మెట్లుగా, కింద నుంచి పైకి ఏటవాలుగా పాకింది. అలాంటిది ఎందుకొస్తుందో ఇంజనీరింగు మొదటి ఏడాది పిల్లలకి కూడా తెలుసు. కింద నేల దిగుతుంటే వస్తుంది.

పెన్సిలు తీసి బీట చివర చిన్న గీత పెట్టింది. అటూ ఇటూ తిరిగి మళ్ళీ వచ్చి చూసింది. ఇంతలోనే పెరుగుతుందా అని తనని తనే తిట్టుకుంది. కారెక్కి, తాళం తిప్పి, మళ్ళీ దిగి వచ్చి చూసింది.

గేటు దగ్గర బోర్డు మీద ‘వాహా అండ్ సన్స్, కట్టుబడి పనులు’ అని ఉంటుంది. వాహా ఆమె తండ్రి. సన్స్ అని గొప్పగా రాయించాడు కానీ ఆయనకున్నది ఒక్కడే కొడుకు, మనాసే. కొడుక్కి చదువు అంటలేదు, వాడికంటే చిన్నదైన కూతురికి అంటింది. పిల్లని ఆక్లండు పంపి ఇంజనీరింగు చదివించాడు. పోయేముందు కంపెనీ కూతురి చేతిలో పెట్టి, కొడుకుని ఆమె కింద మేస్త్రీగా ఉండమన్నాడు. బోర్డు మార్పించే తీరిక మాత్రం ఇంతవరకు ఎవరికీ దొరకలేదు.

ఊళ్ళో ఎవరికీ ఇందులో వింత కనిపించలేదు. మా దగ్గర అన్న ఎంత పెద్దవాడైనా చెల్లెలిదే పైచెయ్యి. మీసం వచ్చిన నాటి నుంచి మనాసే ఆమె ఉన్న గదిలో కూర్చోలేదు. ఆమె వింటుండగా పరాచికం ఆడడు. పక్కవాడెవడైనా మోటు మాట అంటే తనే సిగ్గుపడి లేచిపోతాడు. ఎదురు చెప్పడం సంగతి ఇక చెప్పనే అక్కర్లేదు. ఇంటి వరకు ఈ మర్యాద చూడ ముచ్చటగానే ఉంటుంది. కానీ ఒక గోడని ఇద్దరూ కలిసి కట్టాల్సి వచ్చినప్పుడే తిప్పలు మొదలవుతాయి.

ఆమె పని దగ్గరికి వస్తే అతను అవతలి చివరికి పోతాడు. అప్పటిదాకా ఇకఇకలాడుతున్న కూలీలందరూ ఒక్కసారిగా దైవభక్తులైపోతారు. అన్నాచెల్లెళ్ళ మధ్య మాటలు మోసేది మనాసే భార్య వికా. ఆఫీసులో కూర్చునేది ఆమే. మొగుడి మాట ఆడపడుచుకి, ఆడపడుచు మాట మొగుడికి, రోజంతా అదే పని. నాన్న పోయిన నాటి నుంచి కంపెనీ ఇలాగే నడుస్తోంది. నిజం చెప్పాలంటే బాగానే నడుస్తోంది కూడా. అందుకే లాతాయ్ ఎప్పుడూ దాని గురించి ఆలోచించలేదు.

ఆ సాయంత్రం బీట దగ్గరే నిలబడి వికాకి ఫోను చేసింది. సముద్రం వైపు మూలలో గోడ చిట్లింది, మనాసే ఏమంటాడో కనుక్కో వదినా అంది. అవతల కొబ్బరి తురుముతున్న చప్పుడు ఆగింది, కాసేపు గుసగుసలు, తరవాత వికా గొంతు వినపడింది. ఏమీ లేదట, అంతా బాగానే ఉందట, మీరు కంగారు పడొద్దట. దార్లో ఇద్దరు తాపీవాళ్ళు కనిపిస్తే కారు ఆపి వాళ్ళనీ అడిగింది. వాళ్ళు ఒకళ్ళ మొహం ఒకళ్ళు చూసుకున్నారు. మీరు చెప్పినట్టే కట్టామమ్మా, చాలా బాగా వచ్చింది అన్నారు. ఒకడైతే దేవుడి దయ అని కూడా అన్నాడు. లాతాయ్‌కి ఒళ్ళు మండిపోయింది. తన మొహం చూసి ఒక్కడైనా నిజం చెప్పగలవాడు ఈ దీవిలో ఉన్నాడా అనిపించింది.

ఆ రాత్రి మంచం మీద అటూ ఇటూ దొర్లింది తప్ప రెప్ప వెయ్యలేదు. తెల్లారితే ఆదివారం. మా దగ్గర ఆదివారం మేకు కొట్టినా పోలీసు వస్తాడు. పలుగు వెయ్యడానికి లేదు, నేల తవ్వి చూడడానికి లేదు. సోమవారం పొద్దున్నే క్రేను. చర్చివాళ్ళు ఏటా జరిపే పెద్ద సభకి వేరే దీవుల నుంచి పడవల నిండా జనం వస్తారు, వాళ్ళంతా ఆ కప్పు కిందే కూర్చుంటారు. ఊరికే అనుమానంతో పని ఆపి మూల పగలగొడితే, కింద ఏమీ లేకపోతే, సభనాటికి హాలు లేకుండా చేసిన ఆడదని జన్మంతా చెప్పుకుంటారు. ఆపకపోతే, కింద ఏదో ఉంటే? అక్కడి నుంచి ఆలోచన ముందుకు పోలేదు, వెనక్కీ రాలేదు.

చర్చిలో మేనత్త పక్కన కూర్చుంది. లోసే అత్త ఆ కుటుంబానికంతా పెద్ద. వాహా బతికున్నన్నాళ్ళూ అక్కగారి ముందు నోరెత్తలేదు. ఇప్పుడు ఆయన పిల్లలిద్దరూ ఎత్తరు. లాతాయ్ ఎంత ఇంజనీరైనా, ఎంత కంపెనీకి యజమానైనా, అత్త ముందు ఆమె కూడా తల వంచాల్సిందే. జనమంతా గొంతెత్తి పాడుతుంటే గోడలు అదిరిపోతున్నాయి. లాతాయ్ మాత్రం పైకప్పు దూలాలు చూస్తూ, ఒక్కో దూలం ఎంత బరువు మోస్తోందో లెక్కేస్తోంది. అవతలి వరసలో మగవాళ్ళ మధ్య మనాసే వీపు కనిపిస్తోంది. తెల్ల చొక్కా, మర్యాద కోసం నడుముకి చుట్టిన చాప, ఎండకి మాడిన మెడ. ఆ మెడ ఒక్కసారి కూడా ఇటు తిరగలేదు. ఆమె కాలు దానంతట అదే ఊగుతోంటే అత్త ఆమె తొడ మీద గట్టిగా గిల్లింది.

భోజనాలు అత్త ఇంట్లోనే. పెరట్లో నేలలో పూడ్చి వండే మట్టిపొయ్యి తవ్వి తీసిన గంపలు మనాసే మోసుకొచ్చాడు. పంది మాంసం, పెండలం, కొబ్బరిపాలు పోసి చేమాకులో చుట్టిన మాంసం పొట్లాలు. గంపలు గుమ్మం దాకా తెచ్చి, లోపల చెల్లెలుందని తెలిసి, అక్కడే దించి వంటపాకలోకి వెళ్ళిపోయాడు. అందరికంటే ముందు, అన్నిట్లోకీ మంచి ముక్క లాతాయ్ ముందుకి వచ్చింది. అన్న పంపేది ఎప్పుడూ అంతే. ఆమె పొట్లం విప్పి, వేళ్ళతో కెలికి, మళ్ళీ మూసేసింది.

“ఏంటే, ముళ్ళ మీద కూర్చున్నట్టు ఆ కూర్చోడం? తింటే తిను, లేకపోతే ఆ పొట్లం ఇటివ్వు,” అంది అత్త.

లాతాయ్ పొట్లం ఆవిడ వైపు జరిపి, బీట గురించి చెప్పింది. అత్తకి కట్టుబడి గురించి బొత్తిగా తెలియదు, తెలుసుకోవాలని కూడా లేదు. కానీ మనుషుల గురించి తెలుసు. నమలడం ఆపకుండానే అంతా విన్నది. వాడికి తెలిసి చెప్పడం లేదంటావా అని అడిగింది. తెలుసో తెలియదో కూడా నాకు తెలియదత్తా, నేనడిగితే ఎవరైనా బాగుందనే అంటారు, అదే నా ప్రాణం తోడేస్తోంది అంది లాతాయ్. అత్త చేతులు కడుక్కుని, చాప తీసుకెళ్ళి సరిగ్గా గుమ్మంలో పరిచి కూర్చుంది.

“ఒరేయ్ మనాసే, ఇలా వచ్చి వరండాలో కూర్చో. లోపలికి రాకులే, నీ చెల్లెలుంది. గోడకి అవతలే ఉండు.”

అతను వచ్చాడు. కూర్చున్న చప్పుడు వినపడింది. మధ్యలో గోడ, గుమ్మంలో అత్త. లాతాయ్‌కి అన్న మోకాలు మాత్రం కనిపిస్తోంది.

“ఆ చర్చి హాల్లో సముద్రం వైపు మూల కింద ఏముందిరా?” అని అడిగింది అత్త.

పెరట్లో పందులు ఆకుల కోసం కొట్టుకుంటున్నాయి.

“చెల్లెలికి తెలుసు కదత్తా,” అన్నాడు మనాసే.

“తెలిస్తే నన్నెందుకు పట్టుకుంటుంది?”

“తెలుసు. నేను చెప్పి పంపాను. పొయ్యమన్నారు, పోశాను.”

లాతాయ్‌కి తను ఏం విన్నదో, ఏం పొయ్యమందో గుర్తు తెచ్చుకోవడానికి అట్టే కష్టపడక్కర్లేదు. సముద్రం వైపు మూలలో మట్టి కాస్త మెత్తగా ఉందట, మీరేమంటారో కనుక్కోమన్నారు అని వికా అడిగింది. మెత్తగా ఉంటే రాయి దట్టించి పొయ్యమను అని తను ఫోనులోంచి తలెత్తకుండానే అంది. అంతే. నిమిషం కూడా పట్టలేదు.

వికాని పిలిచారు. వంటపాకలోంచి తడి చేతులతోనే వచ్చి వరండా అంచున నిలబడింది. ఆ రోజు మనాసే ఏం చెప్పి పంపాడో ఉన్నదున్నట్టు చెప్పమంది అత్త. వికా మొగుడి వైపు చూసింది, నేల వైపు చూసింది, తరవాత చెప్పింది. పునాది గుంట తవ్వుతుంటే గునపం చేతిలోంచి జారి నేలలోకి పోయిందట. పడ్డ చప్పుడు కూడా వినపడలేదట. అక్కడ పునాది వద్దని, హాలుని వెనక్కి జరపమని చెప్పమన్నాడట.

“మరి నువ్వు చెప్పింది మట్టి మెత్తగా ఉందని,” అంది లాతాయ్ లోపలి నుంచి.

“మీ ప్లాను తప్పని మీ మొహం మీద నేనెలా చెప్పను, లాతాయమ్మా? నేనీ ఇంటి కోడల్ని. మెల్లిగా చెప్తే మీరే వచ్చి చూస్తారనుకున్నాను. మీరు రాలేదు.”

నిజమే, తను వెళ్ళలేదు. మొదట ఆమె గీసిన చోట నేల గట్టిది, యంత్రంతో తొలిచి చూసిన నేల. సముద్రపు గాలి బాగా వస్తుందని చర్చి పెద్దలు హాలుని కాస్త ముందుకి జరపమంటే సరేనంది. జరిపిన చోట మళ్ళీ తొలిపించలేదు. ఈ దీవంతా సున్నపురాయి అని, దాని కింద ఎక్కడ పడితే అక్కడ గుహలుంటాయని తెలిసి కూడా తొలిపించలేదు. ఎవరైనా ఒక్కరు అడిగి ఉంటే తొలిపించేది. ఎవరూ అడగలేదు. తను సరేనంటే సరే. ఇన్నాళ్ళూ ఆ మాట ఎంత హాయిగా ఉండేదో తలుచుకుంటే ఇప్పుడు సిగ్గేసింది.

వికా మీద కోపం వచ్చింది, కానీ నిలవలేదు. మెత్తగా చెప్పడం తప్పయితే ఈ దీవిలో అందరినీ జైల్లో పెట్టాలి.

మిగతాది మనాసే తనే చెప్పాడు, అత్తకి చెప్తున్నట్టు. చెల్లెలు పొయ్యమందంటే గుంత సంగతి తెలిసే అందనుకున్నాడు. ఇంజనీర్లకి వాళ్ళ లెక్కలు వాళ్ళకుంటాయి కదా. లారీ రాయి పోస్తే మింగేసింది. ఇంకో లారీ పోస్తే అదీ మింగేసింది. చివరికి పెద్ద బండలు అడ్డంగా పెట్టి నోరు మూసి, దాని మీద కాంక్రీటు పోశారు.

లాతాయ్ లేచి గదిలో ఆ గోడ నుంచి ఈ గోడకి నడవసాగింది. అంటే ఇప్పుడు ఆ మూల, ఆ పిల్లర్, రేపు ఎక్కబోయే కప్పు, దాని కింద కూర్చోబోయే జనం, అంతా నాలుగు బండల మీదే. ఉన్నట్టుండి ఇంకో సంగతి తట్టింది. ఈసారి అత్త కోసం ఆగలేదు. గోడకి దగ్గరగా వచ్చి నేరుగా అన్ననే అడిగింది.

“రేపు ట్రస్సు దింపేటప్పుడు ఆ మూల మీదకి ఎక్కి బోల్టులు బిగించేది ఎవరు?”

మోకాలు కదిలింది.

“ఆయనే,” అంది వికా. “ఆ మూల పనంతా మొదటి నుంచీ ఆయనే చేస్తున్నారు. ఇంకెవర్నీ రానివ్వడం లేదు.”

“ఇంకొకళ్ళ బిడ్డని ఎక్కించడానికి మనసొప్పలేదు,” అన్నాడు మనాసే.

లాతాయ్‌కి ఏడుపు రావాలి, కానీ కోపం వచ్చింది. అన్న మీద ఇంత కోపం వస్తుందని ఆమెకే తెలియదు.

“అంటే చావడానికైనా సిద్ధపడ్డావు కానీ నాతో కాదని ఒక్క మాట అనలేకపోయావు.”

“అనడం చేతకాలేదు,” అన్నాడు అతను. తరవాత అత్త వైపు తిరిగినట్టున్నాడు, గొంతు మారింది. “అత్తా, చెల్లెలితో చెప్పు. నన్ను మేస్త్రీ పనిలోంచి తీసెయ్యమను. పనిలో ఉంటే కాదనాలి. కాదంటే అన్నగా ఉండలేను. రెంటిలో ఏదో ఒకటి తీసెయ్యమను. అన్నగా ఉండనిస్తే చాలు.”

అత్త నోట ఆ రోజు మొదటిసారి మాట రాలేదు. కాసేపటికి మోకాలు లేచి వెళ్ళిపోయింది.

అప్పటి నుంచి పొద్దు గుంకే దాకా ఆమె ఒక చోట కూర్చోలేదు. హాలు దగ్గరికి వెళ్ళింది, గేటు బయటే నిలబడి వచ్చింది. మళ్ళీ వెళ్ళింది. పునాది సంగతి ఎలాగో తేలిపోయింది, పగలగొట్టాల్సిందే. తేలనిది అన్న సంగతి. వాడిని తీసేస్తే కంపెనీకి కుడిచెయ్యి పోతుంది. ఊరంతా తప్పు వాడిదే అనుకుంటుంది, వాడు నోరు మూసుకుని మొయ్యడం ఖాయం. ఉంచితే రేపు ఇంకో గుంత, ఇంకో మెత్తటి మాట. నాన్న ఇద్దరినీ కలిపి కట్టేసి వెళ్ళాడని తండ్రి మీద కూడా విసుక్కుంది.

సోమవారం క్రేను వచ్చేసరికే ఆమె చర్చి పెద్దల్ని పిలిపించింది. పాస్టరు గారు, ఇంకో నలుగురు పెద్దమనుషులు నడుములకి చాపలు చుట్టుకుని వరసగా నిలబడ్డారు. కప్పు ఎక్కదని, సభనాటికి హాలు ఉండదని, తప్పు తనదేనని, జరిపిన చోట నేల చూడకుండా గీశానని ఆమె చెప్పింది. వికా పేరు ఎత్తలేదు, అన్న పేరూ ఎత్తలేదు. వాళ్ళు తిడతారని చూసింది. తిట్టలేదు. మీ కష్టానికి కృతజ్ఞతలమ్మా, దేవుడి చిత్తం, అంతా మంచికే అన్నారు. పాస్టరు గారు ప్రార్థన కూడా చేశారు. ఆ ప్రార్థన జరుగుతున్నంతసేపూ, ఎవరైనా ఒక్క చెంపదెబ్బ కొడితే బాగుండునని ఆమెకి అనిపించింది. క్రేను వెనక్కి వెళ్ళిపోయింది.

గోడకి గుంజలు ఆసరా పెట్టించి, పిల్లర్ పక్కన నేల పగలగొట్టించింది. మనాసే ఎప్పటిలాగే అవతలి చివర ఇనుము లెక్క చూసుకుంటున్నట్టు నిలబడ్డాడు. అతన్ని తీసేసినట్టు ఆమె చెప్పలేదు, ఉంచినట్టూ చెప్పలేదు. కూలీలు పొద్దున్నించి ఒక్క పరాచికం ఆడలేదు. బండ ఒకటి పక్కకి దొర్లించేసరికి కింద నల్లగా నోరు తెరుచుకుంది. చల్లటి గాలి, తడి వాసన. టార్చి వేస్తే అడుగు కనపడలేదు.

లాతాయ్ బోర్లా పడుకుని తల దూర్చి చూసింది. గుహ ఎటు పోతోందో, పిల్లర్ కింద ఎంత మేర ఉందో పైనుంచి తెలియడం లేదు. లేచి బట్టలు దులుపుకుని తాడు తెమ్మంది. నేను దిగి చూస్తాను, మీరు పట్టుకోండి అంది. మామూలుగా అయితే ఇంకొకళ్ళు ఆ మాటంటే తనే తిట్టేది. కానీ నిద్ర లేని ఒళ్ళు, తప్పు చేసిన మనసు, రెండూ కలిస్తే మనిషికి మొండితనం వస్తుంది. తాడు నడుముకి బిగించుకుంది. కూలీలు తాడు పట్టుకున్నారు. జాగ్రత్తమ్మా అన్నారు. వద్దని ఒక్కరూ అనలేదు. ఆమె అంచున కూర్చుని కాళ్ళు లోపలికి వేలాడేసింది.

అవతలి చివర నుంచి ఎవరో వస్తున్న అడుగుల చప్పుడయింది. కూలీలు తాడు పట్టుకునే పక్కకి తప్పుకున్నారు. మనాసే నేరుగా నడిచొచ్చి తాడు వాళ్ళ చేతుల్లోంచి లాక్కుని, తన మణికట్టుకి రెండు చుట్లు చుట్టుకున్నాడు. చెల్లెలికి చెయ్యి చాపితే అందేంత దగ్గరగా ఉన్నాడు. చిన్నప్పటి నుంచి అంత దగ్గరికి రాలేదు.

“దిగకు,” అన్నాడు.

ఆమె తలెత్తి చూసింది. అన్న మొహం ఇంత దగ్గరగా ఎలా ఉంటుందో ఆమె మర్చిపోయింది. చెమట పట్టి, బూడిదరంగుకి తిరిగి, అచ్చం నాన్నలా ఉన్నాడు.

“చూడకపోతే ఎలా తెలుస్తుంది?”

“అంచు నిలవదు. నువ్వు కూర్చున్నది కూడా అదే రాయి. లే లాతాయ్. ముందు లే.”

కూలీలందరూ చేతుల్లో పని ఆపి, చూడకూడనిది చూసినట్టు సముద్రం వైపు తిరిగిపోయారు. లాతాయ్ ఒక్క క్షణం ఆగింది. ఈ మాటే కదా నిన్నటి నుంచి కావాలనుకున్నది. అయినా ఎక్కడో చురుక్కుమంది. తను పుట్టినప్పటి నుంచి ఉన్న ఎత్తు ఒకటి కాళ్ళ కింద నుంచి పోయినట్టయింది.

“సరే అన్నా,” అంది. లేచి, వెనక్కి జరిగి, తాడు విప్పేసింది.

మనాసే వెళ్ళి అక్కడ ఆగి ఉన్న కంపెనీ లారీ చక్రం పక్కన నేల మీద కూర్చున్నాడు. మణికట్టుకి చుట్టుకున్న తాడు విప్పుకున్నాడు. లాతాయ్ వెళ్ళి అదే లారీకి ఇటు చక్రం పక్కన కూర్చుంది. ఇద్దరూ ఒకే వైపు చూస్తున్నారు, మధ్యలో లారీ నీడ ఉంది. ఆ గుహకి అడుగు కనుక్కోవడం కంటే హాలునే మొదటి చోటికి జరపడం మేలని అతను గాలికి చెప్పినట్టు చెప్పాడు. ఆమె ఆలోచించి ఒప్పుకుంది. కట్టిన గోడలు పడగొట్టాలి, వచ్చే ఏడాది సభ దాకా పని సాగుతుంది, అయినా ఒప్పుకుంది. రెండు రోజుల తరవాత మొదటిసారి ఊపిరి కాస్త కిందకి దిగింది. అప్పుడే, మాటవరసకి అన్నట్టు అడిగింది.

“ఇదొక్కటేనా అన్నా? ఇలా నాకు చెప్పకుండా మింగేసినవి ఇంకేమైనా ఉన్నాయా?”

మనాసే నేల మీంచి ఒక రాయి తీసి చేతిలో తిప్పాడు.

“రెండున్నాయి,” అన్నాడు మనాసే. “ఒకటి, పడమటి ఊళ్ళో బడి దగ్గర మనం కట్టిన నీళ్ల ట్యాంకు. దాని కింద దిమ్మె చాలదని నాకు అప్పుడే అనిపించింది. పిల్లలు దాని నీడలోనే ఆడుకుంటారు.”

“రెండోది?”

“మీ ఇల్లు. వంటింటి దూలం సన్నం.”

“వంటింటి దూలం సరిపోతుంది. లెక్క నేనే కట్టాను.”

“సరిపోదు.”

“సరిపోతుందన్నా. అది నీకు తెలియదు.”

“నీ లెక్క నాకు తెలియదు. దూలం తెలుసు. సరిపోదు.”

పదేళ్ళ పిల్లగా ఉన్నప్పుడు తప్ప లాతాయ్ అన్నతో ఎన్నడూ వాదించలేదు. ఎలా వాదించాలో కూడా రావడం లేదు. ఆమె లేచి లారీ తలుపు తీసింది. దూలం సంగతి దార్లో తేల్చుకుందాం, ముందు బడికి పద అంది. మనాసే అలవాటుగా వెనక తొట్టిలోకి ఎక్కబోయాడు. ఆమె పక్క సీటు మీది సామాను తీసి కింద పడేసింది. అతను కాసేపు తొట్టి అంచు పట్టుకుని నిలబడ్డాడు, తరవాత వచ్చి ముందు కూర్చున్నాడు. బడి వదిలేలోపు అక్కడికి చేరాలని ఆమె లారీని వేగంగా తిప్పింది.